అచ్చంపేట దిక్కు మనోళ్లందరికీ శనార్తులు

చెల్క (నీళ్లు నిలవని ఎర్ర నేల) వ్యవసాయం మీద, తిక్కగా మారిపోతున్న వానల మీద మేం తీస్తున్న డాక్యుమెంటరీ ఎడిటింగ్ మొత్తానికి అయిపోయింది. సాయం చేసిన మీకందరికీ కృతజ్ఞతలు చెప్పడానికే ఇది రాస్తున్నాను. పేర్లు రాయొద్దని చాలామంది ముందే చెప్పారు కాబట్టి వరసలతోనే పిలుస్తాను.

ముందు తండాలోని అక్కకు. వ్యవసాయం మీద సినిమా తీసేవాళ్లకు డేట్లు ఇచ్చేది వానే. హైదరాబాద్‌లో కూర్చుని ఫోన్‌లో వాతావరణం చూస్తే చేనుకు పదును ఎప్పుడొస్తుందో తెలియదు. రాత్రి ఎంత పొద్దుపోయినా అక్క ఫోన్ చేసేది. "పదునైంది తమ్మీ, పొద్దుగాల్నే విత్తనం పెడ్తున్నం, వస్తవా?" ఆ ఫోన్లు లేకపోతే మా సినిమాలో విత్తే సీనే ఉండేది కాదు.

2023లో జూలై చివర రాష్ట్రంలో కుండపోత, ఆ వెంటనే ఆగస్టు ఎండగొట్టింది. 1901 నుంచి ఉన్న లెక్కల్లో దేశమంతటా అంత తక్కువ వాన పడ్డ ఆగస్టు అదే. పక్క చేనులో మక్క ఆకులు చుట్టుకుపోతుంటే, అక్క మమ్మల్ని తన జొన్న, కంది సాళ్లలో తిప్పింది. కంది తల్లివేరు లోతుకు పోయి కింది తేమను అందుకుంటుంది. జొన్న కోసేశాక కూడా అది చేనులోనే ఉంటుంది, ఒకటి పోయినా ఇంకోటి చేతికొస్తుంది. మేం సంబరంగా కెమెరా పెడితే అక్క ఆపింది. "మంచిగున్నదే తీస్తరా? పిట్టలను కొట్టెటందుకు దినాం ఒక మనిషి గావాలె. అది తియ్యిండ్రి. జొన్నకు రేటేది, అది గూడ అడుగుండ్రి." అడిగాం. నన్నడిగితే సినిమాలో అన్నిటికంటే గట్టి భాగం అదే.

వ్యవసాయ శాఖలో పనిచేసి రిటైరైన పెద్దసారు స్క్రిప్ట్ అంతా ఓపికగా చదివారు. ఎర్ర చెల్కలో నీళ్లు ఎందుకు నిలవవో, చెరువు మట్టి తోలితే ఎందుకు నిలుస్తాయో ఆయన విడమరిచి చెప్పారు. ఆ మట్టిలో బంక ఎక్కువ, తేమను పట్టి ఉంచుతుంది. 2015లో చెరువుల పూడిక తీసే ప్రభుత్వ పథకం మిషన్ కాకతీయ మొదలయ్యాక పూడిక మట్టిని ట్రాక్టర్లతో చేన్లకు తోలుకున్న రైతులను కలిపించింది కూడా ఆయనే.

మా మైకుల కోసం కరెంటు ఉన్న టైంలోనే బోరు మోటరు బంద్ పెట్టిన అన్నా, నీకు దండం. పారే మడిని ఆపడమంటే ఏందో రైతుకే తెలుసు. లంబాడీ మాటలకు తెలుగు సబ్‌టైటిల్స్ రాసిచ్చిన టీచరమ్మకు, హార్డ్ డిస్కులు కాపీ అయ్యేదాకా దుకాణం మూయకుండా కూర్చున్న జిరాక్స్ తమ్ముడికి కూడా. డ్రోన్ చప్పుడుకు బెదిరిన ఎద్దుల జత యజమానికి మాత్రం కృతజ్ఞతల కంటే ముందు క్షమాపణ చెప్పుకోవాలి.

బతుకమ్మ పండుగకు అందరూ ఊళ్లోనే ఉంటారు కాబట్టి అప్పుడే మొదటి షో వేద్దామని అనుకుంటున్నాం. తెర, ప్రొజెక్టర్ మేమే తెస్తాం. కాపీ కావాలనుకునే వాళ్లు పెన్‌డ్రైవ్ తెచ్చుకోండి.