లూకా మెసెట్స్ గారికి బహిరంగ లేఖ: ఆ పదకొండేళ్ల సంగతేమిటి?

2022లో స్లొవేనియా కార్మిక మంత్రి అయిన లూకా మెసెట్స్ గారికి,

నమస్కారం. మీ పెన్షన్ చట్టాన్ని మీకే వివరించబోం. 40 ఏళ్ల సర్వీసుకు పెన్షన్ జీతాల సగటులో 63.5 శాతం కాస్తా 70 అవుతుందన్న మాట ఊరూరా వినపడింది. ఆ సగటును వరసగా మంచి జీతమొచ్చిన 24 ఏళ్లకు బదులు 35 ఏళ్ల మీద కడతారన్న మాట అంతగా వినపడలేదు. మా గొడవంతా ఆ రెండో మాటతోనే.

లెక్క చూడండి. ఒకరికి వరసగా 24 మంచి ఏళ్లున్నాయి, పెన్షన్ ఆధారం, అంటే ఆ ఏళ్ల సగటు, 1,500 యూరోలు. పాత పద్ధతిలో 63.5 శాతం అంటే 952 చిల్లర. ఇప్పుడు అందులో 1,000 యూరోల స్థాయి ఏళ్లు మరో పదకొండు కలపండి. సగటు 1,343కి దిగుతుంది. దాని మీద 70 శాతం 940. శాతం పెరిగింది, చేతికొచ్చేది తగ్గింది! జీతం మొదటి నుంచీ నిలకడగా ఉన్నవాళ్లకు మాత్రం ఇదే సూత్రం 1,050 ఇస్తుంది. దెబ్బంతా ఎగుడుదిగుడు జీతాలవాళ్లకే.

వాళ్లెవరో మీకు తెలియదా? పర్మినెంటు ఉద్యోగం ఇవ్వకుండా యజమాని 'సొంత వ్యాపారం' కాగితం పెట్టించినవాళ్లు. వాళ్లలో చాలామంది దేశ సగటు జీతంలో 60 శాతమనే కనీస ఆధారం మీదే పెన్షన్ చందా కట్టారు. పాత పద్ధతిలో ఆ ఏళ్లు 24 బయట పడితే లెక్కలోకి వచ్చేవి కావు. మీరు 40 ఏళ్లు లెక్కలోకి తీసుకుని, తీసేయనిచ్చేది అయిదే. పైగా 40 ఏళ్ల సర్వీసున్నా 60కి బదులు 62 దాకా ఆగాలి.

2012-13 ప్రభుత్వ వ్యతిరేక నిరసనల వేడిలోంచి వచ్చి, 2014లో 27 ఏళ్లకే పార్లమెంటులో అడుగుపెట్టింది ఈ జనం తరఫునే కదండీ! 2018లో కనీస వేతనంలోంచి అలవెన్సులను విడదీయించిన చట్టం మీ పార్టీదే, కాదనం. తొమ్మిది సీట్లున్న ఆ పార్టీ, లెవీట్సా, 2022లో అయిదుకు పడిపోయినా మీకు మంత్రి పదవి వచ్చింది. సంతోషించాం. 2011లో అప్పటి ప్రధాని బోరుత్ పాహోర్ ప్రభుత్వం పదవీ విరమణ వయసు 65 అంటే రిఫరెండంలో 70 శాతానికి పైగా కాదన్నారు. ఇప్పుడు వామపక్ష మంత్రి చేతుల మీదుగా, పూర్తి సర్వీసు లేనివాళ్లకు అది క్రమంగా 67 కాబోతోంది. ఏరు దాటాక తెప్ప తగలేయడమంటే ఇదేనా అని అడిగితే కోపం తెచ్చుకోకండి.

ఇష్టం లేకపోతే రిఫరెండం కోరవచ్చన్నారు. 35 రోజుల్లో 40 వేల సంతకాలు! రెండు షిఫ్టులు చేసేవాడికి అంత తీరికెక్కడిది?

మార్పు 2028లో మొదలై 2035 దాకా సాగుతుంది. ఇంకా వ్యవధి ఉంది. పాత 24 ఏళ్లకు 63.5, కొత్త 35కి 70, రెండూ లెక్కగట్టి ఏది ఎక్కువైతే అది ఇవ్వండి. అది కుదరకపోతే కనీస ఆధారం మీద చందా కట్టిన ఏళ్లనైనా సగటులోంచి తీసేయండి. అదీ కాదంటే, ఎందుకు కాదో అంకెలతో చెప్పండి. ఆ పదకొండేళ్ల గురించి చెప్పండి చాలు.

ఇట్లు,
మీ అంకెలను వరసగా చూస్తున్నవాళ్లం