టీచర్ నియామకంపై కోర్టుకెళ్లే ముందు

మిత్రులారా, ఒక టీచర్ నియామకాన్ని సవాలు చేస్తూ పిల్ (ప్రజాప్రయోజన వ్యాజ్యం) వేద్దామని కొందరు అంటున్నారు. సర్వీసు వివాదాల్లో, అంటే ప్రభుత్వోద్యోగ వివాదాల్లో పిల్ చెల్లదని సుప్రీంకోర్టు 1998లోనే దుర్యోధన్ సాహు కేసులో తేల్చింది. బయటివాళ్లకు మిగిలేది కో వారెంటో, అంటే ఏ అధికారంతో ఆ పదవిలో ఉన్నారని నిలదీసే రిట్ (కోర్టు ఆదేశం కోరే పిటిషన్). అదీ చట్టబద్ధమైన నిబంధనలను ఉల్లంఘించారని చూపిస్తేనే నిలుస్తుంది. ఆ పదవికి ఇంకో అభ్యర్థి మెరుగని వాదిస్తే కుదరదు. 1963లో మైసూరు విశ్వవిద్యాలయం రీడర్ (అధ్యాపక పదవి) కేసు చూడండి: హైకోర్టు కొట్టేసిన నియామకాన్ని సుప్రీంకోర్టు నిలబెట్టింది, నిపుణుల బోర్డు నిర్ణయాల్లో కోర్టులు సాధారణంగా వేలు పెట్టకూడదంది.

పోటీపడి నష్టపోయిన అభ్యర్థి తన పేరుతోనే రాజ్యాంగం 226 అధికరణం కింద హైకోర్టులో రిట్ వేసుకోవచ్చు.

ముందు నోటిఫికేషన్, నియామక నిబంధనలు ఆర్టీఐలో తెప్పిద్దాం. అవి చదవకుండా ఒకరి ఉద్యోగాన్ని కోర్టుకీడ్చడానికి నేను సంతకం పెట్టను.