పెన్నులో మాత్రలు

ఒరేయ్ మిత్రమా,

జైలు నుంచి పారిపోయే ఖైదీల కథ, ఆ అమెరికన్ టీవీ సీరియల్ ‘ప్రిజన్ బ్రేక్’ రెండో సీజన్ నిన్న రాత్రి రెండింటికి ముగించాను. 22 ఎపిసోడ్లు, నాలుగు రాత్రుళ్లు. కళ్లు చింతనిప్పుల్లా ఉన్నాయి. "జైలు దాటాక ఇక కథేముంటుంది, మొదటి సీజన్‌తో ఆపేయ్" అన్నావు కదా, ఆ మాట మీద నీతో పోట్లాడాలనే ఈ ఉత్తరం.

గోడ దూకిన ఎనిమిది మందిని కాసేపు పక్కన పెట్టరా. ఇది మహోన్ కథ. వాళ్లను వెంటాడే ఎఫ్‌బీఐ అధికారి. విలియం ఫిక్ట్‌నర్ వేశాడు. మొదటి సీజన్‌లో హీరో మైకేల్ తప్పించుకునే పథకమంతా ఒంటి మీద పచ్చబొట్టుగా పొడిపించుకున్నాడు, అది మైకేల్‌కే అర్థమయ్యే గుట్టు కదా? ఈయన దాని ఫొటోలు గోడకు అంటించుకుని చదవడం మొదలుపెడతాడు. ‘రైప్ ఛాన్స్ వుడ్స్’ అని ఒకచోట ఉంటుంది. చూస్తే ఏదో అడవి పేరులా ఉంటుంది. ఆ ఇంగ్లీషు అక్షరాలను కాస్త వేరుగా విరిచి ‘ఆర్.ఐ.పి., ఇ. ఛాన్స్ వుడ్స్’ అని చదివితే సమాధి రాయి మీది రాత! ఆ ముక్క ఆయనకు తట్టిన క్షణంలో నేను లేచి కూర్చున్నాను. ఎవడి పథకం వాడి ఒంటి మీదే ఉంది, ఇక ఎక్కడ దాక్కుంటాడు?

మహోన్ దగ్గర ఒక పెన్ను ఉంటుంది. విప్పితే సిరా ఉండదు, మాత్రలు ఉంటాయి. అటూ ఇటూ చూసి ఒకటి నోట్లో వేసుకుంటాడు. ఇంటి పెరట్లో పక్షులు నీళ్లు తాగే తొట్టి కూడా ఉంది. దాని కింద ఏముందో చెప్పను.

ఇక ఆ 50 లక్షల డాలర్లు. యూటాలో ఒక పశువుల క్షేత్రంలో, గాదె కింద పాతిపెట్టిన సొమ్ము. పడుతూ లేస్తూ పారిపోయిన ఖైదీలు కొందరు చేరేసరికి క్షేత్రమూ లేదు, గాదే లేదు. వెంచర్ వేసి ఇళ్లు కట్టేశారు! కరెంటు పనివాళ్లమని చెప్పి ఒకావిడ గ్యారేజీలో దూరి నేల తవ్వుతారు. ఒకరి మీద ఒకరికి పిసరంత నమ్మకం లేదు, గొయ్యి మాత్రం ఒకటే. మత్తు లేకుండా పశువుల డాక్టరు చేత తెగిన చెయ్యి కుట్టించుకున్న టీ-బ్యాగ్ అనే ఖైదీ కూడా అందులోనే.

‘కంపెనీ’ అనే రహస్య ముఠా కుట్ర, అమెరికా అధ్యక్షురాలి గొడవ వచ్చినప్పుడల్లా లేచి మంచినీళ్లు తాగి వచ్చాను. అక్కడ సాగదీశారు, ఒప్పుకుంటాను. పారిపోయినవాళ్లలో ఒకడైన హేవైర్ మీద మాత్రం జాలేసింది. తెప్ప కట్టుకుని హాలండ్ పోదామనుకుంటాడు, తోడు ఒక కుక్క.

పొద్దున ఆఫీసులో సంతకం పెట్టబోతూ పెన్ను విప్పి లోపలికి చూశాను. పక్కసీటాయన నన్ను అదోలా చూశాడు. ఆదివారం వచ్చేయ్, మొదటి ఎపిసోడ్ మళ్లీ చూద్దాం.

నీ
నిద్రలేని స్నేహితుడు