వార్షిక నివేదిక 2024–25: దీపం చూడబోయి పొయ్యి దగ్గర ఆగాం

గౌరవ సభ్యులకు నమస్కారం.

ఉగాది పంచాంగ శ్రవణం, పిల్లల పద్యపఠనం, కార్తిక వనభోజనాలు ఎప్పటిలాగే జరిగాయి. వనభోజనాల్లో పులిహోర చివరి పంక్తికి అందలేదన్న ఫిర్యాదును కార్యవర్గం నమోదు చేసుకుంది. మిగతా నివేదికంతా గత సర్వసభ్య సమావేశంలో మీరు ఆమోదించిన అధ్యయనం గురించే. తమిళులు వళ్లలార్ అని పిలుచుకునే పంతొమ్మిదో శతాబ్దపు సాధువు, కవి రామలింగ స్వామి, ఆయన చెప్పిన జ్యోతి మార్గం మన ఈ ఏటి విషయం.

చెన్నైలోని తెలుగువాళ్ల సంఘానికి ఈ తమిళ స్వామితో పనేమిటని ఆ సమావేశంలోనే ఒక పెద్దాయన అడిగారు. న్యాయమైన ప్రశ్నే. స్వామి 1823 అక్టోబరు 5న చిదంబరం దగ్గరి మరుదూరులో పుట్టారు. పెరిగింది మాత్రం మన జార్జిటౌనులో, ఏళుకిణరు దగ్గర వీరాసామి పిళ్లై వీధిలో. ఏటా తిరుపతి గొడుగుల ఊరేగింపు కోసం మనం నిలబడే సందులకు అది ఎంతో దూరం కాదు. చిన్నతనంలో మేడ మీది గదిలో గోడకు అద్దం పెట్టి, ముందు దీపం వెలిగించుకుని కూర్చునేవారట. ఆ అద్దంలో తిరుత్తణి మురుగన్ దర్శనమిచ్చాడని చెబుతారు. తిరుత్తణి 1960 దాకా మన చిత్తూరు జిల్లాలోదేనని ఎవరో గుర్తు చేయగానే పెద్దాయన అభ్యంతరం మానుకున్నారు. వాదనలో బలం అంతంతమాత్రమే అయినా పని జరిగింది.

ప్రతి నెలా రెండో ఆదివారం కూర్చున్నాం. మొదటిసారి మేమూ అద్దం, దీపం పెట్టి చూశాం. వత్తి కొండెక్కకుండా ఫ్యాన్లు ఆపాల్సి వచ్చింది. పది నిమిషాలకే అందరి ధ్యానమూ స్విచ్చు మీద కుదిరింది. అద్దంలో దీపం కంటే, వెనక వరుసలో కునుకు తీస్తున్న సహాయ కార్యదర్శి స్పష్టంగా కనిపించారు.

దైవాన్ని స్వామి ‘అరుట్పెరుంజ్యోతి’, అంటే ‘అరుళ్’ అనే మహాజ్యోతి అన్నారు. అందులోని ‘అరుళ్’ అంటే దయా, కృపా, అనుగ్రహమా అన్న చర్చకు ఒక ఆదివారం మొత్తం ఖర్చయింది. అనుగ్రహం పైనుంచి దిగుతుంది, దయ పక్కవాడి మీద కలుగుతుంది. ఈ మాటలో రెండూ ఉన్నాయి. చివరికి దాన్ని అనువదించకుండా అలాగే ఉంచేశాం.

అంతకంటే గట్టి మాట ‘ఆన్మనేయ ఒరుమైప్పాడు’. ఆత్మలన్నీ ఒకే వెలుగు నుంచి వచ్చిన చుట్టాలు కాబట్టి వాటి మధ్య విడదీయరాని ఏకత్వం ఉంటుందని దాని భావం. రుజువేమిటంటే, తోబుట్టువు బాధపడితే మనకు గుండె కలుక్కుమంటుంది కదా, ఎదుటి ప్రాణి ఆకలికి మనసు కదలడానికీ అదే కారణం అంటారాయన. మరి కదలనివాళ్ల సంగతి? వాళ్ల ఆత్మ కంటికి శుక్లం పట్టిందట, పైగా పెట్టుకున్న మనసు అనే కళ్లద్దాలు కూడా మందమట. ఈ మధ్యే శుక్లాల ఆపరేషన్ చేయించుకున్న మన కోశాధికారి ఈ పోలిక విని చాలాసేపు మాట్లాడలేదు. ఎండిన పైరును చూసి తానూ వాడిపోయానని స్వామి పాడుకున్న సంగతి అప్పుడు అందరికీ అర్థమైంది. స్వామి ఉన్న కరుంగుళి అనే ఊళ్లో నీళ్లతో దీపం వెలిగిందన్న కథ దగ్గర మాత్రం మనవాళ్లు రెండుగా చీలారు. నమ్మినవాళ్లు నమ్మారు, ముందుకు సాగాం.

ఫిబ్రవరి 11న తైపూసానికి, అంటే తమిళుల తై నెలలో వచ్చే పుష్యమి పండుగకు, వడలూరు వెళ్లాం. రాత్రి వ్యాను ఎక్కి, పన్రుట్టి దాటి, తెల్లవారకముందే చేరుకున్నాం. 1872 జనవరి 25న తొలి జ్యోతి దర్శనం జరిగిన సత్యజ్ఞాన సభ, స్వామి కట్టించిన మందిరం అది. ఎనిమిది కోణాల కట్టడం. మాంసాహారం విడిచినవాళ్లకే లోపలికి ప్రవేశం. నలుపు, నీలం, ఆకుపచ్చ, ఎరుపు, బంగారు, తెలుపు, చివర మిశ్రమ వర్ణం, ఇలా జ్యోతి ముందు ఏడు తెరలు. మాయాశక్తి మొదలు చిచ్ఛక్తి దాకా ఒక్కో తెరకు ఒక్కో శక్తి. వెలుగు ఎక్కడి నుంచో రానక్కరలేదు, తొలగాల్సినవి తెరలే. ప్రతి నెలా పుష్యమి నాడు కొంతవరకే తొలగిస్తారు, తైపూసానికి మాత్రం ఏడూ తొలగుతాయి. నిజం చెప్పాలంటే నా ముందున్నాయన భుజం మీద బిడ్డను ఎక్కించుకున్నాడు. ఆ బిడ్డ కాలికీ తండ్రి చెవికీ మధ్య సందులోంచి ఒక పసుపు చుక్క కనిపించింది. నా దర్శనం అంతే.

సభ ముందున్న విశాలమైన మైదానం పెరువెళి. అక్కడ ప్రభుత్వం తలపెట్టిన అంతర్జాతీయ కేంద్రం వద్దని, తమ పెద్దలు జ్యోతిని చూడటానికే ఆ నేల ఇచ్చారని మేం వెళ్లినప్పటికి స్థానికులు పోరాడుతున్నారు. వడలూరు పాత పేరు పార్వతీపురం అని తెలిశాక, ఉత్తరాంధ్ర పార్వతీపురం నుంచి వచ్చిన మన సభ్యుణ్ని పట్టుకోవడం ఎవరి తరమూ కాలేదు.

మధ్యాహ్నం స్వామి పెట్టిన అన్నదానశాల, ధర్మశాలకు వెళ్లాం. 1867 మే 23న స్వామి వెలిగించిన పొయ్యి నేటికీ ఆరలేదంటారు. పొగకు మసిబారిన ఆ వంటశాల వేడి గుమ్మం దగ్గరే మొహానికి కొట్టింది. ఎవరు, ఏ ఊరు, ఏ కులం అని అడగకుండా విస్తరి వేశారు. దర్శనం దొరకలేదని దారిపొడవునా సణుగుతూ వచ్చిన ఇద్దరు రెండోసారి సాంబారు అడిగాక సణగలేదు.

సాయంత్రం వడలూరు దగ్గరి మేట్టుకుప్పం అనే ఊరు వెళ్లాం. 1874 జనవరి 30న స్వామి గదిలోకి వెళ్లి తలుపు వేసుకున్నది అక్కడే. అంతకుముందే లోపలి దీపాన్ని బయటపెట్టి, దాన్నే కొలవమన్నారు. ఆయన వెలుగులో కలిశారని భక్తుల మాట. ఈ విషయంలో కార్యవర్గం ఏ తీర్మానమూ చేయలేదు.

అధ్యయన నిధిలో మిగిలిన డబ్బుతో పెద్ద ఉపన్యాస సభ పెట్టాలని మొదట అనుకున్నాం. నేనూ దానికే ఓటు వేశాను. తిరుగు ప్రయాణంలో వ్యానులోనే ఆ ఆలోచన ఓడిపోయింది. మార్చి నుంచి ప్రతి పుష్యమి నాడు ఒక ఆసుపత్రి గేటు బయట, రోగుల వెంట వచ్చినవాళ్లకు కిచిడీ వడ్డిస్తున్నాం. మొదటిరోజు విస్తళ్లు తక్కువ తెచ్చాం, తప్పు నాదే. ఒక తల్లీకూతుళ్లు ఒకే విస్తరిలో తిని, లేచి వెళ్లి ఖాళీ గిన్నె తామే కడిగిపెట్టారు.

ఆడిటర్ సంతకం చేసిన జమాఖర్చుల పట్టిక విడిగా జతచేశాం. వచ్చే ఏడాదికి ఉపన్యాస నిధిని అన్నదాన నిధిగా మార్చే తీర్మానం మీ ఆమోదానికి ఉంచుతున్నాం. సంఘం పెద్ద గరిటెలు రెండు కనిపించడం లేదు. ఎవరి ఇంటికైనా చేరి ఉంటే వచ్చే పుష్యమిలోగా తెచ్చి ఇవ్వగలరు.

ఇట్లు,
కార్యదర్శి