కొత్తవాడ మగ్గాల ఇళ్లకు కృతజ్ఞతలు

వరంగల్ కొత్తవాడలో నేసే జంపఖానాల (నేల మీద పరిచే నూలు పరుపుల) గురించి మేము తీసిన 32 నిమిషాల డాక్యుమెంటరీని గత ఆదివారం సాయంత్రం ఆ వాడలోనే, నేసినవారి మధ్యనే మొదటిసారి ప్రదర్శించాము. సాయం చేసినవారిలో చాలామంది తమ పేర్లు తెర మీద వేయవద్దన్నారు కాబట్టి, పేర్లు లేకుండానే వారి మేలును ఇక్కడ చెప్పుకుంటున్నాను.

మొదటి వారం రికార్డు చేసిన మాటలేవీ పనికిరాలేదు. ఖాళీ గదిలో ప్రతి మాటా మార్మోగేది. పేకను దట్టించే ఇనుప పళ్ల పంజా పక్క గదిలో పడిన ప్రతిసారీ మైకు అదిరేది. స్టూడియో అద్దెకు తీసుకునే స్తోమత మాకు లేదు. మా అవస్థ చూసిన ఆ ఇంటి అవ్వ, ఆర్డరు కోసం మడతపెట్టి ఉంచిన నాలుగు కొత్త జంపఖానాలను తెచ్చి, మనవళ్ల చేత గోడలకు వేలాడదీయించారు. మార్మోత పోయింది. నేసినంతకే కూలి వచ్చే వాడలో, చుట్టుపక్కల మూడు ఇళ్లవారు మా కోసం ఆరు మధ్యాహ్నాలు మగ్గాలు ఆపుకున్నారు. దానికి వెల కట్టే ధైర్యం నాకు లేదు.

తొలి కూర్పు చూపించినప్పుడు ఒక పెద్దమనిషి మధ్యలోనే ఆపించారు. "ఇది తివాచీ గాదు బిడ్డా. తివాచీకి మీద పోగులు లేసి ఉంటయి, జంపఖానా రెండు దిక్కులా ఒక్కతీరుగనే ఉంటది" అన్నారు. 1851లో లండన్ మహా ప్రదర్శనకు వెళ్లిన ఓరుగల్లు తివాచీలనూ ఈ జంపఖానాలనూ మేము ఒకటిగా కలిపి చెప్పాము. నిజానికి వ్యాఖ్యానం రాసింది నేనే. ఆ రాత్రే తిరగరాశాను. 2018లో ఈ జంపఖానాలకు వచ్చిన జీఐ (భౌగోళిక సూచిక) గుర్తింపుతో చిత్రాన్ని ముగించాలనుకున్నప్పుడు కూడా, "గుర్తింపు సంగతి అందరు చెప్తరు, కూలి సంగతి ఎవలు చెప్పాలె?" అని అడిగినవారు ఈ వాడవారే. చివరి ఏడు నిమిషాలు ఆ ప్రశ్న వల్లనే వచ్చాయి, చిత్రంలో నాకు నచ్చిన భాగం కూడా అదే.

1934లో మొదలైన వరంగల్ ఆజంజాహి బట్టల మిల్లులో పనిచేసి, తన దగ్గరున్న పాత ఫోటోలను నమ్మి ఇచ్చిన కాకకూ, హార్డ్ డిస్కు మొరాయించిన రోజు తన కంప్యూటరు వదిలి ఇచ్చిన హన్మకొండ మిత్రుడికీ నమస్కారాలు.

ఒక్క సంగతి చిత్రంలో లేదు. గోడకు వేలాడదీసిన జంపఖానాల్లో ఒకదాని అంచు మేకుకు తగిలి నాలుగు పోగులు తెగాయి. మేము ఖరీదు ఇస్తామంటే అవ్వ వినలేదు. రాత్రి దీపం దగ్గర కూర్చుని, అదే రంగు నూలు వెతికి, ఒక్కొక్క పోగూ ముడివేసి, పొద్దున్నే ఆర్డరు మూటలో పెట్టి పంపించారు.