మాత్రలకు టైముంది, నిద్రకు లేదు

సంపాదకులకు నమస్కారం.

అక్టోబరు 10, ప్రపంచ మానసిక ఆరోగ్య దినం వచ్చిందంటే కాలేజీల్లో ర్యాలీలు, ఫ్లెక్సీలు. టెన్షన్ పడొద్దు, సర్కారు మానసిక సహాయ నంబరు 14416కి ఫోన్ చేయండి అంటారు. మంచిదే. కానీ ఏ ఫ్లెక్సీ మీదా డ్యూటీ టైముల మాట కనబడదు.

మాది జడ్చర్ల. నేను హైస్కూల్లో బయాలజీ చెబుతాను. మా తమ్ముడు దగ్గర్లోని ఒక మందుల కంపెనీలో పని చేస్తాడు. ఒక వారం సీ షిఫ్టు, అంటే రాత్రి పది నుంచి పొద్దున ఆరు. పై వారం బీ, అంటే మధ్యాహ్నం షిఫ్టు, ఆ తర్వాత ఏ, అంటే పొద్దుటి షిఫ్టు. పట్టిక శనివారం సాయంత్రం వాట్సాప్‌లో వస్తుంది. సీ షిఫ్టు వారంలో కిటికీకి చద్దరు కట్టుకుని పడుకుంటాడు. పదకొండింటికల్లా పైన రేకులు కాలిపోతాయి, బయట ఉల్లిగడ్డల ఆటో మైకు. కిందటేడు సీ నుంచి బీకి మారిన వారంలో నిద్ర పూర్తిగా పోయింది. అలసట మాత్రం లేదు. రాత్రి రెండింటికి గేటుకు రంగు వేస్తూ కూర్చున్నాడు. హుషారుగా ఉన్నాడనుకున్నాం! పదిహేను రోజులకు ఆస్పత్రిలో చేర్చాం. బైపోలార్ అన్నారు, అంటే మనసు కొన్నాళ్లు పట్టలేని హుషారుకు, కొన్నాళ్లు లోతైన దిగులుకు ఊగే జబ్బు.

ఆ జబ్బు గురించి వెతుకుతుంటే అమెరికాలోని పిట్స్‌బర్గ్ యూనివర్సిటీ పరిశోధకురాలు ఎలెన్ ఫ్రాంక్ రాతలు కంటబడ్డాయి. ఉద్యోగం పోవడం, ఇంట్లో మనిషి పోవడం లాంటివి మనసును కష్టపెట్టి ఊరుకోవు, లేచే వేళ, తినే వేళ, పడుకునే వేళ కూడా చెదరగొడతాయి, దాంతో ఒంట్లో గడియారం తప్పి డిప్రెషన్ లాంటి మనసు జబ్బు బయటపడొచ్చని 1988లో ఆమె, ఇంకో ఇద్దరు కలిసి రాశారు. మా తమ్ముడికి చావు కబురూ లేదు, అప్పుల గొడవా లేదు. వేళలే చెదిరాయి.

ఆమె చికిత్స పద్ధతిలో మందులు ఆపరు. వాటితోపాటు ఒక కాగితం ఇస్తారు. మంచం దిగింది ఎన్నింటికి, మొదట మనిషితో మాట్లాడింది, పని మొదలుపెట్టింది, రాత్రి తిన్నది, పడుకున్నది ఎన్నింటికి అని ఐదు గడులు. రోజూ నింపుతూ మెల్లగా ఒక వేళకు తెచ్చుకోవాలి. 175 మంది బైపోలార్ రోగులతో చేసిన అధ్యయనం 2005లో అచ్చయింది. జబ్బు ముదిరినప్పుడే ఈ పద్ధతి మొదలుపెట్టినవాళ్లలో అది మళ్లీ తిరగబెట్టడం ఆలస్యమైంది. నేనూ రికార్డు పుస్తకంలోంచి పేజీ చింపి గడులు గీసిచ్చాను. “అక్కా, వేళ నా చేతుల ఉంటే కదా రాసేది” అన్నాడు.

షిఫ్టులు లేకుండా కంపెనీలు నడవవని నాకూ తెలుసు. తిప్పే తీరే తప్పు. ఒంటి గడియారం సాధారణంగా 24 గంటలకన్నా కాస్త నెమ్మదిగా తిరుగుతుంది, అందుకే ఆలస్యంగా పడుకోవడం తేలిక, వేళకన్నా ముందే పడుకోవడం కష్టం. ఏ, తర్వాత బీ, తర్వాత సీ అయితే ఒళ్లు ఓర్చుకుంటుంది. ఇక్కడ తలకిందులు. యూటాలోని ఒక ఖనిజాల కర్మాగారంలో ఈ వరసకు మార్చి, వారానికి బదులు 21 రోజులకోసారి తిప్పితే పనివాళ్ల ఆరోగ్యమూ, పనీ మెరుగుపడ్డాయని 1982లోనే వచ్చింది.

మా నాయన తరం పొట్టకూటికి పాలమూరు విడిచి వలసపోయింది. ఇంటి దగ్గరే నౌకరీ దొరికిందన్న తృప్తితో ఇప్పుడెవరూ నోరెత్తరు. అధికారులే షిఫ్టు పట్టికలు తెప్పించుకుని చూడాలి. మానసిక వైద్యులు డ్యూటీ వేళలు అడిగి చీటీలో రాయాలి. అట్లా రాసిస్తే కంపెనీలు ఆ మనిషికి రాత్రి షిఫ్టు తప్పించాలి.

మా డాక్టరు రాశారు. చీటీ కంపెనీలో ఇచ్చి నెల దాటింది. ఈ శనివారం వచ్చిన పట్టికలో మా వాడికి మళ్లీ సీ షిఫ్టే.

– పేరు వేయవద్దని కోరిన పాఠకురాలు, జడ్చర్ల