దివిసీమ పేరుతో చూపే దృశ్యాలు ఎక్కడివి?

సంపాదకులకు,

ఏటా నవంబరు 19న 1977 నాటి దివిసీమ ఉప్పెన మీద టీవీల్లో, యూట్యూబ్ ఛానెళ్లలో కార్యక్రమాలు వస్తాయి. వాటిలో కొన్ని దృశ్యాలు దివిసీమవి కావు. తర్వాతి తుపానుల వీడియోలకు రంగు తీసేసి నలుపు తెలుపుగా చూపుతున్నారు. అయినవాళ్లను పోగొట్టుకున్నవాళ్లు ఆ కార్యక్రమాలు చూస్తారు. వాళ్ల పట్ల ఇది అన్యాయం.

పాత ఫుటేజీ వెతకడమే వృత్తిగా ఉన్నవాళ్లం కనుక ఈ నాలుగు మాటలు రాస్తున్నాం.

ఉప్పెన వచ్చేనాటికి హైదరాబాద్ దూరదర్శన్ మొదలై నెల కూడా కాలేదు. అప్పట్లో వార్తలు తీసేది 16 ఎం.ఎం. ఫిల్ము మీద. ఫిల్ములో సెకనుకు 24 లేదా 25 పూర్తి ఫ్రేములు ఉంటాయి. తర్వాత వచ్చిన వీడియో కెమెరాలు సెకనుకు 50 సగం ఫ్రేములు తీసేవి: ఒకసారి సరి గీతలు, ఒకసారి బేసి గీతలు. ఆ వీడియోను ఆపి చూస్తే ఊగే కొబ్బరిమట్ట అంచున దువ్వెన పళ్లలా గీతలు తేలతాయి. ఫిల్ము నుంచి సరిగ్గా ఎక్కించిన దృశ్యంలో అవి రావు. అయితే గీతలు లేనంతమాత్రాన నమ్మకూడదు. నెట్‌లో పెట్టేటప్పుడు అవి చాలాసార్లు చెరిగిపోతాయి. వెనకాల సెల్ టవరు ఉందేమో కూడా చూడాలి. ఇన్శాట్ ఉపగ్రహం తీసిన తుపాను సుడి బొమ్మను 1977 నాటిదని వేస్తే అది శుద్ధ తప్పు. మొదటి ఇన్శాట్ ఎగిరిందే 1982లో.

యూట్యూబ్ కాపీ దగ్గర ఆగకుండా మాస్టర్ (అసలు ప్రతి) దాకా వెళ్లాలి. ప్రభుత్వ డాక్యుమెంటరీలు, వార్తా చిత్రాలు తీసిన ఫిల్మ్స్ డివిజన్ సంపద 2022 నుంచి ఎన్.ఎఫ్.డి.సి. (జాతీయ చలనచిత్రాభివృద్ధి సంస్థ) చేతిలో ఉంది. కేటలాగులో ఉండే తేదీ చాలాసార్లు రీలు విడుదలైన తేదీయే, తీసిన తేదీ కాదు. టైమ్‌కోడ్ (ఏ ఫ్రేము ఎన్నో నిమిషం, ఎన్నో సెకనులో ఉందో చూపే అంకెలు) ఉన్న కాపీ తెప్పించుకుని షాటు షాటుకూ ఊరు, గుర్తు రాసుకోవాలి. రీలు డబ్బా మీది చీటీతోనూ, ఆ వారం దినపత్రికలతోనూ సరిచూడాలి.

హక్కుల సంగతి. మన చట్టంలో సినిమా దృశ్యాలకు విడుదలైన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్ల రక్షణ ఉంది. 1977లో విడుదలైన రీలుకు 2037 చివరి దాకా అనుమతి కావాలి. ‘సౌజన్యం: యూట్యూబ్’ అనుమతి కాదు. ఒప్పందంలో ఎన్ని సెకన్లు, ఏ దేశాల్లో, ఎన్నేళ్లు, టీవీకా నెట్‌కా అన్నవన్నీ ఉండాలి. టీవీకి మాత్రమే తీసుకుని నెట్‌లో పెడితే ఉల్లంఘనే.

పాత టీవీ ఆకారంలోని 4:3 (వెడల్పు 4, ఎత్తు 3 పాళ్ల) దృశ్యాన్ని నేటి 16:9 వెడల్పు తెరకు సాగదీస్తే మనుషుల మొహాల వెడల్పు మూడోవంతు పెరుగుతుంది. నిండుగా నింపితే ఎత్తులో పావు భాగం తెగిపోతుంది, నీరు ఎంత మేర నిలిచిందో తెలియదు. పక్కల నలుపు వదిలేయండి.

తెర మీద ఊరు, ఏడాది, ఎక్కడిదో వేయండి. అసలుది దొరక్కపోతే ‘వేరే తుపాను దృశ్యం’ అని ఆ షాటు ఉన్నంతసేపూ ఉంచండి. స్కాన్‌కూ అనుమతికీ వారాలు పడుతుంది కనుక ఉత్తరాలు ఆగస్టులోనే వెళ్లాలి.

— డాక్యుమెంటరీ ఫుటేజీ పరిశోధకులు, హైదరాబాద్